పసిఫిక్ దీవుల దేశాలకు స్వాతంత్ర్యం ఎలా వచ్చింది: తరచుగా అడిగే ప్రశ్నలు

స్వాతంత్ర్యం అనగానే మనకు ఉప్పు సత్యాగ్రహం, జైళ్లు, అర్ధరాత్రి జెండా గుర్తొస్తాయి. అదే కొలతతో పసిఫిక్ దీవుల చరిత్ర చదివితే సగం అర్థం కాదు. అక్కడ కొన్నిచోట్ల పాలించేవాడే "మేం పోతాం బాబూ" అంటే జనం "కాస్త ఆగండి" అన్నారు, కొన్నిచోట్ల నేలలో ఉన్నదంతా తవ్వుకుపోయాక తాళాలు చేతికిచ్చారు, ఇంకొన్నిచోట్ల ఇచ్చారో ఇవ్వలేదో ఇప్పటికీ వాదన నడుస్తూనే ఉంది. అందుకే ఏ దీవి గురించి చదువుతున్నా "ఎప్పుడు వచ్చింది" అనే ప్రశ్నతో ఆగకండి. వచ్చేనాటికి ఏం మిగిలింది, ఎవరి చేతికి వచ్చింది అని కూడా అడగండి.

మొత్తం ఎన్ని దేశాలు? ఎప్పుడెప్పుడు వచ్చింది?

ఆస్ట్రేలియా, న్యూజిలాండ్‌లను పక్కన పెడితే ఐక్యరాజ్య సమితి సభ్యత్వం ఉన్నవి 12. తేదీలు ఒకచోటే చెప్పేస్తాను, మళ్లీ వెతుక్కోనక్కర్లేదు: సమోవా 1962, నౌరు 1968, టోంగా, ఫిజీ రెండూ 1970, పాపువా న్యూగినీ 1975, సాలమన్ దీవులు, తువాలు 1978, కిరిబాస్ 1979, వనువాటు 1980, మార్షల్ దీవులు, మైక్రోనేషియా సమాఖ్య 1986, పలావు 1994. కుక్ దీవులు, నియూ అని ఇంకో రెండున్నాయి, వాటిది వేరే లెక్క, కింద చెప్తాను.

ఆఫ్రికాలో 1960 అనే ఒక్క సంవత్సరంలో 17 దేశాలు స్వతంత్రమయ్యాయి. ఇక్కడ 12 దేశాలకు 32 ఏళ్లు పట్టింది. ఆ తొందర ఎవరికీ లేదన్నమాట.

అంత చిన్న దీవుల మీద తెల్లవాళ్లకు అంత మోజు దేనికి?

మొదట తిమింగలాల వేట, చందనం. తర్వాత సబ్బులకీ నూనెలకీ ఎండు కొబ్బరి. ఆ తర్వాత ఫిజీలో చెరకు, నౌరులో ఫాస్ఫేటు. వీటన్నిటితోపాటు పటం మీద పోటీ ఒకటి. జర్మనీ ఒక దీవి తీసుకుంటే బ్రిటన్‌కు పక్కది కావాలి, ఫ్రాన్స్‌కు ఆ పక్కది. 1899లో సమోవా విషయంలో జరిగింది ఇదే. జర్మనీ, అమెరికా ఆ దీవులను చెరో ముక్క పంచుకున్నాయి, బ్రిటన్ పక్కకు తప్పుకున్నందుకు దానికి టోంగా, సాలమన్ దీవుల వైపు హక్కులు వదిలారు. సమోవావాళ్లను ఎవరూ అడగలేదు. ఆ గీత ఈరోజుకీ అలాగే ఉంది, తూర్పు ముక్క ఇప్పటికీ అమెరికన్ సమోవాయే.

పాలినేషియా, మెలనేషియా, మైక్రోనేషియా అన్న పేర్లు కూడా వాళ్లు పెట్టుకున్నవి కావు. 1830ల్లో డ్యుమాంట్ డర్విల్ అనే ఫ్రెంచి నావికుడు పంచిన ముక్కలవి. మెలనేషియా అంటే "నల్లవాళ్ల దీవులు" అని అర్థం, ఆలోచించుకోండి.

మొదట స్వాతంత్ర్యం తెచ్చుకున్నది ఎవరు?

సమోవా, 1962 జనవరి 1న. పండగ మాత్రం జూన్ 1న చేసుకుంటారు. అప్పట్లో పేరు పశ్చిమ సమోవా, 1997లో "పశ్చిమ" తీసేశారు.

మన స్వాతంత్ర్య పోరాటానికి దగ్గరగా ఉండే కథ పసిఫిక్‌లో ఏదైనా ఉందంటే అది ఇదే. 1914లో యుద్ధం మొదలవగానే న్యూజిలాండ్ వచ్చి జర్మన్ల దగ్గర నుంచి సమోవాను తీసుకుంది. 1918 నవంబరులో ఆక్లాండ్ నుంచి తలునే అనే ఓడ ఆపియా రేవుకు వచ్చింది. ఓడలో ఫ్లూ జ్వరంతో ఉన్నవాళ్లున్నారు. అయినా క్వారంటైన్ పెట్టకుండా దింపేశారు. కొన్ని వారాల్లో సుమారు 8,500 మంది చచ్చిపోయారు, అంటే జనాభాలో అయిదో వంతుకు పైనే. పక్కనే ఉన్న అమెరికన్ సమోవాలో గవర్నరు రేవు మూసేసి కూర్చున్నాడు, అక్కడ ఒక్కరు కూడా పోలేదు. ఒకే జాతి, ఒకే సముద్రం, తేడా అల్లా రేవులో ఓడను ఆపారా లేదా అన్నదే. ఇంటికొకర్ని పాతిపెట్టుకున్నవాళ్లకు "మీకు పాలించుకోవడం రాదు" అని చెప్తే ఎలా ఉంటుంది?

1920ల్లో మౌ ఉద్యమం లేచింది. వాళ్ల నినాదం సూటిగా "సమోవా సమోవావాళ్లదే" అని. పన్నులు కట్టలేదు, సర్కారు చెప్పిన పని చేయలేదు, ఆయుధం పట్టలేదు. 1929 డిసెంబరు 28న ఆపియాలో ఊరేగింపు మీద న్యూజిలాండ్ పోలీసులు కాల్పులు జరిపారు. శాంతంగా ఉండండని తనవాళ్లకు చెప్తున్న పెద్ద నాయకుడు తుపువా తమాసేసే లెయలోఫి తూటా తగిలి మరుసటి రోజు చనిపోయారు. సమోవాలో ఆ రోజును నల్ల శనివారం అంటారు. 2002లో న్యూజిలాండ్ ప్రధాని హెలెన్ క్లార్క్ ఆపియాకు వెళ్లి, ఓడ విషయానికీ కాల్పులకీ కలిపి క్షమాపణ చెప్పారు.

ఇందులో ఒక మెలిక ఉంది. వచ్చిన స్వాతంత్ర్యంలో ఓటు అందరికీ లేదు. మతాయి అనే కుటుంబ పెద్దలకే పార్లమెంటు ఓటు, అలాగే 1990 దాకా నడిచింది.

నౌరు గురించి ఎక్కువగా వింటుంటాం, అక్కడ అసలేం జరిగింది?

మొత్తం దేశం 21 చదరపు కిలోమీటర్లు. మన దగ్గర ఒక మాదిరి పట్టణం అంత కూడా ఉండదు. సిడ్నీలో ఒక కంపెనీ ఆఫీసులో తలుపు పడిపోకుండా అడ్డం పెట్టిన రాయి ఒకటి ఉండేది, నౌరు నుంచి ఎవరో తెచ్చింది. ఆల్బర్ట్ ఎల్లిస్ అనే ఉద్యోగికి అనుమానం వచ్చి పరీక్ష చేయిస్తే మంచి నాణ్యత గల ఫాస్ఫేటు అని తేలింది. ఆ రాయితో దీవి రాత మారిపోయింది. 1907 నుంచి ఎరువుల కోసం తవ్వకం. మొదటి ప్రపంచ యుద్ధం తర్వాత బ్రిటన్, ఆస్ట్రేలియా, న్యూజిలాండ్ కలిసి ఒక బోర్డు పెట్టుకుని, బజారు ధరకంటే బాగా తక్కువకు ఆ ఎరువును తమ రైతులకు పంచుకున్నాయి. నౌరువాళ్ల చేతిలో పడింది రాయల్టీ చిల్లర.

రెండో యుద్ధంలో జపాన్ వచ్చి సుమారు 1,200 మందిని ట్రక్ దీవులకు కూలి పనికి తరలించింది. ఆకలికీ రోగాలకీ వందలమంది పోగా బతికిన 737 మంది 1946 జనవరి 31న ఇంటికి తిరిగొచ్చారు. సరిగ్గా అదే తేదీని, 1968 జనవరి 31ని, స్వాతంత్ర్య దినంగా ఎంచుకున్నారు. నాయకుడు హేమర్ డిరోబర్ట్ కూడా ట్రక్ నుంచి తిరిగొచ్చినవాళ్లలో ఒకడు. అంతకు ముందు ఆస్ట్రేలియా "మీ దీవి ఎలాగూ అయిపోయింది, క్వీన్స్‌లాండ్ దగ్గర కర్టిస్ దీవి ఇస్తాం, అక్కడికి మారిపోండి" అంది. అక్కడికి వెళ్తే ఆస్ట్రేలియా పౌరులైపోతారు, నౌరు అనే జాతి ఉండదు. వాళ్లు వద్దన్నారు.

స్వాతంత్ర్యం తర్వాత తవ్వకం తమ చేతికి తెచ్చుకున్నారు. కొన్నాళ్లు తలసరి ఆదాయంలో ప్రపంచంలోని ధనిక దేశాల సరసన నిలిచారు. సొంత విమానాలు, మెల్‌బోర్న్‌లో 52 అంతస్తుల భవనం. తర్వాత ఫాస్ఫేటు అడుగంటింది, పెట్టిన పెట్టుబడులు మునిగాయి, భవనం అమ్మేశారు. దుబారా చేశారని నవ్వుకుంటూ రాసేవాళ్లు చాలామంది ఉన్నారు. నాకు ఆ నవ్వు నచ్చదు. దీవిలో అయిదింట నాలుగు వంతులు గుంతలైపోయాక, పంట పండే నేల లేక, చేతిలో ఉన్న డబ్బుతోనే రేపటిని కొనుక్కోవాలని చూశారు వాళ్లు, ఆ కొనుగోళ్లు తప్పాయి. ఆస్ట్రేలియా మీద 1989లో అంతర్జాతీయ న్యాయస్థానంలో కేసు వేస్తే, 1993లో 10.7 కోట్ల ఆస్ట్రేలియా డాలర్లకు రాజీ కుదిరింది. 2001 నుంచి ఆస్ట్రేలియాకు పడవల్లో వచ్చిన శరణార్థులను ఉంచే శిబిరం అక్కడ నడిచింది, ఆదాయం కోసం.

ఫిజీలో తెలుగువాళ్లు ఉన్నారంటారు, నిజమేనా?

నిజమే. 1874 అక్టోబరు 10న చకంబౌ మొదలైన దొరలు (అంటే అక్కడి తెగల పెద్దలు) ఫిజీని బ్రిటన్ రాణికి అప్పగించారు. ఆ మరుసటి ఏడాదే తట్టు సోకి వేలకు వేలమంది స్థానికులు పోయారు. గవర్నరు ఆర్థర్ గోర్డన్ ఏమన్నాడంటే, ఫిజీవాళ్ల భూమి అమ్మకూడదు, వాళ్లను తోటల్లో కూలికి పెట్టకూడదు. మంచిదే, మరి చెరకు ఎవరు నరకాలి? దానికి ఇండియా దొరికింది. 1879 మే 14న లియోనిడాస్ ఓడలో మొదటి గిర్మిటియాలు దిగారు. అగ్రిమెంటు అన్న మాటే నలిగి గిర్మిట్ అయింది. 1916 దాకా 60,000 మందికి పైగా వెళ్లారు.

మొదట్లో అంతా కలకత్తా రేవు నుంచే. 1903 నుంచి మద్రాసు రేవు తెరిచారు, అక్కడి నుంచి సుమారు 15,000 మంది. ఉత్తర ఆర్కాటు, కృష్ణా, గోదావరి, విశాఖపట్నం జిల్లాల వాళ్లు, తమిళులు, మలయాళీలు అంతా ఒకే ఓడలో. ఫిజీలో దిగాక వీళ్లందరికీ ఒకటే పేరు, మద్రాసీలు. అయిదేళ్ల ఒప్పందం, ఇచ్చిన పని మొత్తం పూర్తి చేస్తే మగవాళ్లకు రోజుకు ఒక షిల్లింగు, ఆడవాళ్లకు తొమ్మిది పెన్నీలు. పని పూర్తి కాకపోతే కోత. ఉచితంగా తిరుగు ప్రయాణం కావాలంటే పదేళ్లు ఉండాలి. పదేళ్లయ్యాక తిరిగెళ్లడానికి ఊళ్లో ఏం మిగిలి ఉంటుంది? చాలామంది అక్కడే కౌలు చెరకు రైతులైపోయారు.

1926లో నాందీలో దక్షిణాది వాళ్లంతా కలిసి సంగం పెట్టుకున్నారు, బడులు నడిపారు. 1941లో తెలుగువాళ్లు వేరుగా దక్షిణ ఇండియా ఆంధ్ర సంఘం పెట్టుకున్నారు. మద్రాసు రాష్ట్రం నుంచి ఆంధ్ర విడిపోవడానికి పన్నెండేళ్ల ముందే ఫిజీలో విడిపోయామన్నమాట! ఇంట్లో మాట మాత్రం ఫిజీ హిందీలోకి మారిపోయింది. ఇప్పుడు రెడ్డి, నాయుడు అని పేర్లుంటాయి, తెలుగు వచ్చినవాళ్లు తక్కువ.

మరి ఫిజీలో స్వాతంత్ర్యం కోసం ఎవరు పోరాడారు?

ఇక్కడే మనవాళ్లు చాలామంది తికమక పడతారు. స్వాతంత్ర్యం గట్టిగా అడిగింది భారత సంతతివాళ్లు. వద్దు, ఇప్పుడే వద్దు అన్నది స్థానిక ఫిజీ దొరలు. బ్రిటిష్‌వాళ్లంటే ప్రేమ అనుకునేరు, అది లెక్క. 1946 జనాభా లెక్కల నాటికి భారత సంతతి స్థానికులను దాటిపోయింది. 80 శాతం పైగా భూమి స్థానిక కుటుంబాల ఉమ్మడి ఆస్తి, రాణి పేరు మీద దానికి రక్షణ ఉంది. రాణి వెళ్లిపోతే, ఎక్కువ ఓట్లున్నవాళ్లు భూమి చట్టం మార్చేస్తే? వాళ్ల భయం అది. రెండో వైపు నుంచి చూస్తే, మూడు తరాలుగా దున్నుతున్న నేల మీద కౌలు కాగితం తప్ప ఏమీ లేదు, చక్కెర ధర కంపెనీ చెప్పినంతే, చట్టసభలో సగం గొంతు. ఈ రెండు భయాలూ నిజమైనవే. ఒకటే నిజమని చెప్పేవాళ్లను నమ్మకండి.

గొడవంతా ఓటరు జాబితా మీద నడిచింది. అందరికీ ఒకటే జాబితా ఉండాలని భారతీయులు 1929 నుంచి అడుగుతున్నారు. జాతికొక జాబితా ఉండాలని మిగతావాళ్లు. 1960ల్లో ఏ.డి. పటేల్ అనే వకీలు ఇదే పట్టుమీద ఉన్నారు. 1969 అక్టోబరులో ఆయన పోయారు. తర్వాత వచ్చిన సిద్దీఖ్ కోయా, దొరల నాయకుడు రాతూ కమిసేసే మారా రాజీకి వచ్చారు. స్వాతంత్ర్యం ముందు తీసుకుందాం, జాబితా సంగతి తర్వాత చూద్దాం అని. 1970 అక్టోబరు 10న, అప్పగించిన రోజునే, 96 ఏళ్ల తర్వాత యువరాజు ఛార్లెస్ వచ్చి కాగితాలు ఇచ్చి వెళ్లాడు. పార్లమెంటులో 52 సీట్లు, స్థానికులకు 22, భారతీయులకు 22, మిగతావాళ్లకు 8. "తర్వాత చూద్దాం" అన్నది 17 ఏళ్లకు పగిలింది.

ఫిజీలో ప్రభుత్వాన్ని పడగొట్టే కుట్రలు ఎందుకు జరిగాయి?

1987 ఏప్రిల్లో తిమోచి బవాంద్రా నాయకత్వంలో కొత్త కూటమి గెలిచింది. ప్రధాని స్థానిక ఫిజీవాడే, కానీ వెనక ఉన్న సభ్యుల్లో ఎక్కువమంది భారత సంతతి. నెల తిరిగేసరికి, మే 14న, లెఫ్టినెంట్ కర్నల్ సితివేని రంబుకా సైనికులతో పార్లమెంటులోకి వెళ్లి ప్రభుత్వాన్ని పడగొట్టాడు. తేదీ గమనించారా? మొదటి గిర్మిట్ ఓడ వచ్చిన రోజే. సెప్టెంబరులో ఇంకోసారి చేసి దేశాన్ని రిపబ్లిక్ అని ప్రకటించాడు. వేలమంది భారత సంతతివాళ్లు ఆస్ట్రేలియా, న్యూజిలాండ్, కెనడాలకు వెళ్లిపోయారు. డాక్టర్లు, టీచర్లు, అకౌంటెంట్లు ముందు.

తర్వాత జరిగింది ఇంకా విచిత్రం. అప్పటికి ప్రధాని అయిన అదే రంబుకా, ప్రతిపక్ష నాయకుడు జైరామ్ రెడ్డితో కూర్చుని 1997లో అందరికీ నచ్చే రాజ్యాంగం రాయించాడు. రెడ్డిగారు దొరల మహాసభలో ప్రసంగించిన తొలి భారత సంతతి నాయకుడు. ఇంత చేశాక 1999 ఎన్నికల్లో జనం ఇద్దరినీ ఓడించారు, రెడ్డి పార్టీకి ఒక్క సీటు కూడా రాలేదు. గెలిచిన మహేంద్ర చౌదరి తొలి భారత సంతతి ప్రధాని అయ్యారు. ఏడాదికి, 2000 మే 19న, జార్జ్ స్పైట్ మనుషులు పార్లమెంటులో ఆయన్ని బందీ చేశారు. 2006లో సైన్యాధిపతి బైనిమరామ నాలుగో కుట్ర. 2013 రాజ్యాంగంలో చివరికి జాతుల జాబితాలు పోయాయి, 1929లో అడిగిన ఒకే జాబితా వచ్చింది, అదీ తుపాకీ పట్టుకుని వచ్చిన వ్యక్తి చేతుల మీదుగా. 2022 ఎన్నికల తర్వాత మళ్లీ ప్రధాని అయిన రంబుకా 2023లో 1987 సంగతికి క్షమాపణ అడిగాడు. గిర్మిట్ దినానికి ఆ ఏడాది నుంచే ప్రభుత్వ సెలవు ఇస్తున్నారు.

టోంగా ఎప్పుడూ ఎవరి కిందా లేదంటారు?

దాదాపు నిజం. 1875లోనే రాజు మొదటి జార్జ్ తుపోవు రాజ్యాంగం ఇచ్చి, మాది నాగరిక రాజ్యమే అని తెల్లవాళ్ల భాషలోనే చెప్పాడు. 1900లో విదేశీ వ్యవహారాలు బ్రిటన్ చేతిలో పెట్టాల్సి వచ్చింది, రాజు మాత్రం రాజే. 1970 జూన్ 4న ఆ హక్కు కూడా వెనక్కి తెచ్చుకున్నారు. పండగ పేరు విముక్తి దినం. 1862లో రాజు సామాన్యులను దొరల వెట్టి నుంచి విడిపించింది కూడా జూన్ 4నే.

ఒకే దీవులను రెండు దేశాలు కలిసి పాలించాయా? అదెలా కుదిరింది?

కుదరలేదు. వనువాటు పాత పేరు న్యూ హెబ్రిడీస్. 1906 నుంచి బ్రిటన్, ఫ్రాన్స్ ఉమ్మడిగా ఏలాయి. రెండు పోలీసు దళాలు, రెండు జైళ్లు, రెండు రకాల బడులు, రెండు చట్టాలు. బయటి దేశంవాడు వస్తే తనకు ఏ చట్టం కావాలో ఎంచుకోవచ్చు. ఉమ్మడి న్యాయస్థానానికి అధ్యక్షుణ్ణి ఎవరు పెట్టాలో తేలక స్పెయిన్ రాజుకు అప్పగించారు. ఇదంతా చదివితే నవ్వొస్తుంది. కానీ ఆ దీవుల్లో పుట్టినవాడు ఇటు బ్రిటిష్ పౌరుడూ కాదు, అటు ఫ్రెంచి పౌరుడూ కాదు. సొంత ఊళ్లో ఏ దేశమూ లేని మనిషి. ఇది తెలిశాక నవ్వు ఆగిపోతుంది.

1970ల్లో ఉద్యమం మొదలైంది కూడా భూమి మీదే. తోటల కోసం విదేశీయులు పెద్ద పెద్ద ముక్కలు రాయించుకున్నారు. ఆంగ్లికన్ ఫాదరీ వాల్టర్ లీనీ పార్టీ 1979 ఎన్నికల్లో గెలిచింది. బ్రిటన్ త్వరగా పోదామంది, ఫ్రాన్స్ సాగదీసింది. ఇంతలో శాంటో దీవిలో జిమ్మీ స్టీవెన్స్ అనే నాయకుడు విల్లంబులు పట్టిన మనుషులతో, పన్నులు లేని దేశం కావాలని కలలుగన్న అమెరికన్ ధనవంతుల అండతో, వేరే దేశం ప్రకటించేశాడు. బ్రిటిష్, ఫ్రెంచి సైనికులు వచ్చి చూస్తూ నిలబడ్డారు. 1980 జులై 30న వనువాటు స్వతంత్రమైంది, కొత్త ప్రభుత్వం పాపువా న్యూగినీ సైన్యాన్ని పిలిపించుకుని తిరుగుబాటు అణిచింది. ఒక కొత్త పసిఫిక్ దేశానికి ఇంకో కొత్త పసిఫిక్ దేశం సాయం చేసిన సందర్భం ఇది. స్వాతంత్ర్యంతోపాటు వచ్చిన పెద్ద మార్పు, దేశంలో భూమంతా ఆచారం ప్రకారం అసలు హక్కుదారులదే అని రాజ్యాంగంలో రాయడం. నాకు తెలిసినంతలో స్వాతంత్ర్యం వల్ల సామాన్యుడి చేతికి సూటిగా ఏదైనా వచ్చిన చోటు ఇదే.

పాపువా న్యూగినీ, సాలమన్ దీవుల సంగతి?

పాపువా న్యూగినీలో 800కు పైగా భాషలు. లోపలి కొండ ప్రాంతాలకు బయటి మనుషులు మొదటిసారి వెళ్లిందే 1930ల్లో. 1975 సెప్టెంబరు 16న మైకేల్ సొమారే నాయకత్వంలో ఆస్ట్రేలియా నుంచి స్వాతంత్ర్యం. జెండా గీసింది సుసాన్ కరికే అనే 15 ఏళ్ల బడిపిల్ల. కానీ రెండు వారాల ముందే, సెప్టెంబరు 1న, బోగన్‌విల్ దీవి "మేం వేరే దేశం" అని ప్రకటించుకుంది. అక్కడి పంగునా రాగి గనే కొత్త దేశానికి ఆదాయం, కాలుష్యం మాత్రం దీవివాళ్లకు. ఆ గొడవ 1988లో యుద్ధమై పదేళ్లు నడిచింది, వేలమంది పోయారు. 2019లో ఓటు పెడితే వందకు 98 మంది విడిపోతామన్నారు. ఆ ఓటు దానంతటదే అమలు కాదు, పాపువా న్యూగినీ పార్లమెంటు కూడా ఒప్పుకోవాలి.

సాలమన్ దీవుల్లో 1942లో గువాడల్‌కనాల్ యుద్ధం వచ్చినప్పుడు స్థానికులు అమెరికా సైన్యానికి కూలీలుగా వెళ్లారు. తమలాంటి నల్ల రంగు మనిషి సైనికుడి బట్టల్లో, అందరూ తినేదే తింటూ కనిపించాడు. యుద్ధం అయ్యాక మలైటా దీవిలో మాసినా ఉద్యమం లేచింది. తోటల పనికి వెళ్లం, పన్ను కట్టం, మా పెద్దలే మమ్మల్ని పాలిస్తారు అన్నారు. వేలమందిని జైల్లో వేశారు. స్వాతంత్ర్యం 1978 జులై 7న వచ్చింది, పెద్ద హడావిడి లేకుండానే.

తువాలు, కిరిబాస్ ఒకప్పుడు ఒకటేనా?

గిల్బర్ట్, ఎల్లిస్ దీవులని ఒకే కాలనీ. గిల్బర్ట్‌వాళ్లు మైక్రోనేషియన్లు, ఎల్లిస్‌వాళ్లు పాలినేషియన్లు, సంఖ్యలో తక్కువ. 1974లో ఓటు పెడితే ఎల్లిస్‌లో పదిలో తొమ్మిదిమందికి పైగా విడిపోతామన్నారు. ఉమ్మడి ఆస్తిలో వాళ్లకు దాదాపు ఏమీ రాదని ముందే చెప్పినా సరే అన్నారు. అదే తువాలు, "ఎనిమిది కలిసి నిలబడినవి" అని అర్థం, దీవులేమో తొమ్మిది, ఎనిమిదింటిలోనే మొదటినుంచీ జనం ఉండేవారు.

కిరిబాస్‌ను మన పేపర్లలో కిరిబాటి అని రాస్తుంటారు. గిల్బర్ట్ అన్న పేరునే వాళ్ల నోటితో పలికితే కిరిబాస్, వాళ్ల రాతలో "స" శబ్దానికి వేరే అక్షరాల జంట వాడతారు. తొలి అధ్యక్షుడు ఇయెరెమియా తబాయికి అప్పుడు 29 ఏళ్లు.

ఇందులో బనాబా దీవి ఒకటుంది. నౌరు కథే, ఇంకా ఘోరంగా. ఆరు చదరపు కిలోమీటర్ల దీవిని ఫాస్ఫేటు కోసం తవ్వేసి, 1945 డిసెంబరులో అక్కడి జనాన్ని ఫిజీలోని రాంబీ దీవికి తరలించారు. రాంబీని కొన్నది కూడా బనాబావాళ్ల సొంత రాయల్టీ డబ్బుతోనే. తవ్వకం 1979లో ఆగింది. కిరిబాస్‌కు స్వాతంత్ర్యం 1979 జులై 12న వచ్చింది. ఇంతకన్నా ఏం చెప్పాలి.

అమెరికా చేతిలో ఉన్న దీవుల సంగతేంటి?

రెండో యుద్ధం తర్వాత జపాన్ దగ్గర ఉన్న దీవులను ఐక్యరాజ్య సమితి పేరుతో అమెరికా చూసుకుంది. చూసుకోవడం అంటే ఎలాగో చెప్తాను. 1946 మార్చిలో బికినీ దీవిలోని 167 మందిని, ఇది మానవాళి మంచికే అని చెప్పి, కొన్నాళ్లలో తిరిగొస్తారన్నట్టు ఖాళీ చేయించారు. 1958 దాకా బికినీ, ఎనివెటాక్‌లలో 67 అణు పరీక్షలు. 1954 మార్చి 1న పేల్చిన బ్రావో ఒక్కటే హిరోషిమా బాంబుకు సుమారు వెయ్యి రెట్లు. రోంగెలాప్ దీవి మీద తెల్లటి బూడిద రాలింది, పిల్లలు దానితో ఆడుకున్నారు. 1970ల్లో కొందరు బికినీకి తిరిగెళ్తే 1978లో మళ్లీ ఖాళీ చేయించారు, వాళ్లు ఇప్పటికీ సొంత దీవికి దూరంగానే ఉన్నారు.

ఇంత జరిగాక 1986లో మార్షల్ దీవులకు స్వాతంత్ర్యం ఒక ఒప్పందంతో వచ్చింది. డబ్బూ, అమెరికాలో ఉండి పనిచేసుకునే హక్కూ ఇస్తాం, మీ సముద్రం మీద సైనిక అధికారం మాది అని. పలావు మాత్రం అణ్వాయుధాలు మా నేల మీద వద్దని రాజ్యాంగంలోనే రాసుకుంది. అది మార్చాలంటే 75 శాతం ఓట్లు కావాలి. అమెరికా ఒప్పందం కోసం మళ్లీ మళ్లీ ఓటు పెట్టారు, ప్రతిసారీ ఆ గీత అందలేదు. మధ్యలో 1985లో అధ్యక్షుడు రెమెలిక్ హత్యకు గురయ్యారు. చివరికి 75 శాతం నిబంధననే సడలించి 1993లో గట్టెక్కించారు. అందుకే పలావు 1994 దాకా ఆగింది.

కుక్ దీవులు, నియూ దేశాలా కాదా?

పాలన వాళ్లదే, పాస్‌పోర్టు న్యూజిలాండ్‌ది. కుక్ దీవులు 1965లో, నియూ 1974లో ఈ పద్ధతి ఎంచుకున్నాయి. న్యూజిలాండ్ కిందే ఉన్న టోకెలావు దీవులకు కూడా ఇదే ఇస్తామంటే 2006, 2007ల్లో రెండుసార్లు ఓటు వేసి మూడింట రెండు వంతులు రాక ఉన్నచోటే ఉండిపోయింది. దాస్యం ఇష్టమై కాదు. నియూవాళ్లలో చాలా ఎక్కువమంది ఉండేదే న్యూజిలాండ్‌లో, తలుపు మూసుకుపోతే కుటుంబం రెండు ముక్కలవుతుంది.

ఇంకా స్వాతంత్ర్యం రాని చోట్లు ఉన్నాయా?

ఉన్నాయి. అన్నిటికన్నా వేడిగా ఉన్నది ఫ్రాన్స్ చేతిలోని న్యూ కాలెడోనియా. నికెల్ గనులున్నాయి, స్థానిక కనాక్‌లు సగానికన్నా తక్కువ. 1998 ఒప్పందం ప్రకారం మూడు ఓట్లు. 2018లో వద్దన్నవాళ్లు 56.7 శాతం, 2020లో 53.3. తేడా తగ్గుతోంది కదా, మూడోది 2021 డిసెంబరులో పెట్టారు. కోవిడ్‌తో పోయినవాళ్లకు దినాలు చేసుకోవాలి, వాయిదా వేయండని కనాక్‌లు అడిగారు. వేయలేదు. వాళ్లు బహిష్కరించారు, వద్దన్నవాళ్లు 96.5 శాతం అని లెక్క వచ్చింది. 2024 మేలో ఓటరు జాబితా మార్చబోతే రాజధాని నూమియా తగలబడింది. చూశారా, ఫిజీలాగే, మళ్లీ ఓటరు జాబితాయే.

ఫ్రెంచ్ పాలినేషియాలో 1966 నుంచి 1996 దాకా ఫ్రాన్స్ 193 అణు పరీక్షలు చేసింది. గువామ్, అమెరికన్ సమోవా అమెరికా చేతిలోనే ఉన్నాయి. హవాయి రాజ్యాన్ని 1893లో పడగొట్టి 1959లో రాష్ట్రం చేసుకున్నారు, ఆ పుస్తకం మూసేశామంటారు వాళ్లు.

దీవి మునిగిపోతే దేశం ఉంటుందా?

ఇది సరదా ప్రశ్న అనుకుంటారు, తువాలులో ఇది రాజ్యాంగ ప్రశ్న. సముద్ర మట్టానికి కొద్ది మీటర్ల ఎత్తులోనే ఉన్న దేశం, జనం పదకొండు వేల లోపు. నేల పోయినా తువాలు దేశంగానే ఉంటుందని 2023లో రాజ్యాంగంలో రాసుకున్నారు. అదే ఏడాది ఆస్ట్రేలియాతో ఒప్పందం చేసుకున్నారు, ఏడాదికి 280 మంది వెళ్లి స్థిరపడొచ్చు, బదులుగా తువాలు ఇంకే దేశంతోనైనా రక్షణ ఒప్పందం చేసుకోవాలంటే ఆస్ట్రేలియా కూడా సరే అనాలి. 1978లో తెచ్చుకున్నదాంట్లో కొంత ఇచ్చి, మనుషులను బతికించుకునే దారి కొనుక్కున్నారు. నౌరువాళ్లు కర్టిస్ దీవిని వద్దన్న అరవై ఏళ్లకు, కర్టిస్ దీవి ఇస్తామన్న ఆ ఆస్ట్రేలియాతోనే.